ఆడవాళ్ల ఏడుపు చరిత్ర కాదా?

ఇండియా గేట్ ముందు ఫొటో దిగారా? దిగే ఉంటారు. ఢిల్లీ వెళ్లిన ప్రతి తెలుగు కుటుంబమూ దిగుతుంది. పిల్లల్ని ముందు నిలబెట్టి, వెనక ఆ 42 మీటర్ల కట్టడం మొత్తం పడేలా ఫోన్ పట్టుకుని, చేతిలో ఐస్‌క్రీం కరిగేలోపు ఇంకో నాలుగు ఫొటోలు తీసుకుని బండెక్కేస్తాం.

ఆ రాళ్ల మీద పేర్లున్నాయి. 13 వేలకు పైగా.

ఒక్కటైనా చదివారా?

పోనీ, అవెవరి పేర్లో మీ పిల్లలకు చెప్పారా? దేశ స్వాతంత్ర్యం కోసం ప్రాణాలిచ్చిన వీరులని చెప్పారా? కాదు. మొదటి ప్రపంచ యుద్ధంలోనూ, ఆ వెంటనే 1919లో జరిగిన అఫ్గాన్ యుద్ధంలోనూ ఇంగ్లండు రాజు కోసం చచ్చిపోయిన మన పల్లెటూరి కుర్రాళ్లవి. ఆ రాజు బాబాయే 1921లో వచ్చి పునాదిరాయి వేశాడు. 1931లో వైస్రాయ్ ఇర్విన్ ప్రారంభించాడు. కట్టించినవాళ్లు వాళ్లే, చంపించినవాళ్లూ వాళ్లే.

ఇది తెలియకపోవడం పెద్ద నేరం కాదు. బళ్లో ఎవరూ చెప్పలేదు, మీరూ అడగలేదు. నా కోపం దాని మీద కాదు.

ఆ పేర్లలో ప్రతి పేరుకూ ఒక తల్లి ఉంది. చాలా పేర్లకు పెళ్లాం ఉంది. వాళ్లు ఏడ్చారు. ఊరికే ఏడవలేదు, పాట కట్టి ఏడ్చారు. ఆ పాటలు ఎక్కడున్నాయని ఈ వందేళ్లలో మీరు ఒక్కసారైనా అడిగారా?

మీ నాన్నగారు అడిగారా? మీకు పాఠం చెప్పిన మేష్టారు అడిగారా?

లెక్కలైతే మనకు బాగా వచ్చు. మొదటి ప్రపంచ యుద్ధానికి ఈ దేశం నుంచి వెళ్లినవాళ్లు దాదాపు 13 లక్షలు. చనిపోయినవాళ్లు 74 వేలకు పైనే. పోటీ పరీక్షలకు చదివే కుర్రాణ్ని లేపి అడిగితే నిద్రలో కూడా చెబుతాడు. 74 వేల చావులు అంటే ఎన్ని గుమ్మాల్లో ఎంతమంది ఆడవాళ్లు కుప్పకూలినట్టు? ఆ ప్రశ్న ఏ పరీక్షలోనూ రాదు. రానిదాని గురించి మనకెందుకు?

ఆ రోజుల్లో యుద్ధం నుంచి ఇంటికి ఒక మాట చేరాలంటే ఎన్ని గుమ్మాలు దాటాలో చూడండి. ఫ్రాన్సులో కందకంలో ఉన్న సిపాయికి సాధారణంగా చదువు రాదు. రెజిమెంటులో రాయడం వచ్చినవాణ్ని బతిమాలి, పక్కన కూర్చుని చెప్పుకోవాలి. పక్కవాళ్లు వింటూనే ఉంటారు. రాసిన ఉత్తరం సెన్సారు దగ్గరికి పోతుంది. మన సిపాయిల ఉత్తరాలు చదవడానికే 1914లో ఒక ప్రత్యేక సెన్సారును పెట్టారు. అక్కడ గట్టెక్కితే ఓడెక్కుతుంది. వారాల తరబడి సముద్రం మీద నడిచి ఊరు చేరుతుంది. ఊళ్లో ఆమెకూ చదువు రాదు. పోస్టుమానో, బడి పంతులో, మౌల్వీయో, గురుద్వారా గ్రంథీయో చదివి వినిపించాలి. అత్త, మామ, మరుదులు, తోడికోడళ్లు, ఇరుగుపొరుగు, అందరూ చుట్టూ కూర్చుంటారు. ఆమె ఎక్కడో తలుపు వెనక, ముసుగులో ఉంటుంది.

'నీ మీద బెంగగా ఉంది' అన్న మాట ఇన్ని చెవులు దాటి ఆమెను చేరాలి. ఏ మొగుడు చెప్పగలడు? ఏ పెళ్లాం జవాబు రాయించగలదు?

నిజం చెప్పాలంటే దొంగచాటుగానే చెప్పాలి. సంకేతాలు పెట్టుకున్నారు. నల్ల మిరియాలంటే మన సిపాయిలు. ఎర్ర మిరపకాయలంటే తెల్ల సోల్జర్లు. మిరియాలు నిండుకున్నాయని కబురొస్తే మనవాళ్లు అయిపోతున్నారని అర్థం. వంటింటి దినుసులతో శవాల లెక్క చెప్పుకున్నారు. సెన్సారు దొరలు దాన్ని కూడా పసిగట్టారు. ఉత్తరాల్లోంచి ముక్కలు ఇంగ్లీషులోకి తిప్పి రిపోర్టులకెక్కించారు. అసలు ఉత్తరాలు చాలామటుకు పోయాయి. ఇవాళ లండన్‌లో బ్రిటిష్ లైబ్రరీలో మిగిలింది ఆ రిపోర్టుల్లోని ముక్కలే. మన సిపాయి తన గుండె విప్పి ఏం చెప్పాడో మనం తెలుసుకోవాలంటే, వాడి నోరు నొక్కిన ఆఫీసు దస్త్రాలే దిక్కు.

కానీ పాటకు సెన్సారు లేదు.

పాటకు తపాలా బిళ్ల అక్కర్లేదు. రాయడం వచ్చినవాడు అక్కర్లేదు. చదివి వినిపించేవాడు అక్కర్లేదు. అత్త ముందు నోరెత్తలేని కోడలు కూడా తిరగలి తిప్పుతూ పాడుకోవచ్చు. రాట్నం ముందు పాడుకోవచ్చు. పెళ్లిళ్లలో నలుగురు ఆడవాళ్లు చేరినచోట గొంతెత్తి పాడొచ్చు. ఆ నాలుగేళ్ల యుద్ధం గురించి, మధ్యలో ఏ దొర చెయ్యీ పడకుండా, సూటిగా బయటికొచ్చిన మాట ఏదన్నా ఉందా అంటే అది ఆడవాళ్ల పాటే. సామ్రాజ్యం దాన్ని ఆపలేకపోయింది.

మనం ఆపాం.

వినకుండా ఆపాం. అచ్చు వెయ్యకుండా ఆపాం. ఆడవాళ్ల పాటే కదా, అంటూ ఆపాం.

పంజాబు పల్లెల్లో పాడుకున్న ఆ పాటల్లో బస్రా పేరు వస్తుంది. ఎక్కడి బస్రా? ఎక్కడి జలంధర్? గడప దాటి పక్క ఊరు చూడని అమ్మాయి నోట ఇరాక్‌లోని ఒక రేవు పేరు ఎలా పడింది? ఎందుకంటే తన మొగుణ్ని మింగిన ఊరు అది. ఈ దేశం నుంచి విదేశాలకు తరలించిన సైన్యంలో అన్నిటికంటే పెద్ద భాగం వెళ్లింది ఫ్రాన్సుకు కాదు, అటువైపు, మెసపొటేమియాకు. ఒక పాటలో ఇంటి మగవాళ్లంతా, మొగుడూ అతని అన్నదమ్ములూ, కట్టగట్టుకుని యుద్ధానికి పోయారని ఉంటుంది. ఇంకో పాటలో ఒక పిల్ల తననూ బస్రా తీసుకుపొమ్మంటుంది, అక్కడే రాట్నం వడుక్కుని బతుకుతానంటుంది. ఎంత పిచ్చి కోరిక అది! యుద్ధంలోకి కాపురానికి వస్తానంటోంది. ఇంట్లో ఉండలేక, ఆ ఎదురుచూపు భరించలేక, ఫిరంగుల మధ్యకు వస్తానంటోంది. ఇంత కంటే పెద్ద దుఃఖం మీ మహాకావ్యాల్లో ఎన్నిచోట్ల ఉంది?

వీటిలో వినపడేది చక్రవర్తికి జయమని కాదు. ఇంటికి రమ్మని.

పంజాబీ కవి అమర్‌జీత్ చందన్ లాంటి కొద్దిమంది వీటిని వెతికి పట్టుకున్నారు. పరిశోధకుడు శాంతను దాస్ ఆ యుద్ధం మీద రాసి 2018లో అచ్చు వేసిన పుస్తకంలో వీటికి చోటిచ్చాడు. అంతకుముందు వందేళ్లు ఏమయ్యాయి ఇవి? నోళ్లలో ఉన్నాయి. ఆ నోళ్లు ఒక్కొక్కటే మూతపడ్డాయి. దేశ విభజనలో సగం ఊళ్లే లేచి పోయాయి. ఎన్ని పాటలు ఆ గొంతులతోపాటే పోయాయో లెక్కగట్టేవాడు లేడు.

పాట కట్టిన ఒక్క ఆడమనిషి పేరు కూడా మనకు మిగల్లేదు.

అదేమంటే 'జానపదం' అంటాం. జానపదానికి కర్త ఉండడని పుస్తకాల్లో రాసుకుంటాం. ఎందుకుండడు? ఎవరో ఒకామె మొదట పాడకుండా అది గాల్లోంచి ఊడిపడిందా? మన యూనివర్సిటీల్లో ఇంగ్లీషు ఎమ్మే చదివిన ప్రతివాడికీ విల్‌ఫ్రెడ్ ఓవెన్ తెలుసు. ఆయన 1918 నవంబరు 4న, యుద్ధం ఆగడానికి సరిగ్గా వారం ముందు చనిపోయాడని చెబుతూ కళ్లు చెమ్మగిల్లించుకునే లెక్చరర్లు ఉన్నారు. గొప్ప కవి, కాదనను. ఇంగ్లండు కుర్రాడి కోసం వందేళ్ల తర్వాత విజయవాడలోనూ వరంగల్‌లోనూ కన్నీళ్లొస్తాయి. అదే యుద్ధంలో, అదే జెండా కింద పోయిన మనవాడి పెళ్లాం పాట దగ్గరికొచ్చేసరికి ఆ కళ్లు ఎందుకు ఎండిపోతాయి?

పంజాబు దూరమంటారా?

సరే, హైదరాబాదు రండి.

1915 డిసెంబరు. హైదరాబాదులో స్త్రీలు యుద్ధ సహాయానికని ఒక సంఘం పెట్టుకున్నారు. ఆ సంఘం నివేదిక కోసం సరోజినీ నాయుడు ఒక ఇంగ్లీషు కవిత రాసింది. 'ది గిఫ్ట్ ఆఫ్ ఇండియా'. తర్వాత 1917లో వచ్చిన 'ది బ్రోకెన్ వింగ్' సంపుటిలో చేరింది. దేశం తల్లిగా మారి మాట్లాడుతుంది అందులో. పర్షియాలో, ఈజిప్టులో, ఫ్రాన్సులో, ఫ్లాండర్స్‌లో మట్టిపాలైన బిడ్డల్ని తలుచుకుంటుంది. యుద్ధం ముగిశాక వాళ్లను మరవొద్దని అడుగుతుంది.

ఆమె పల్లకీ బోయీల కవిత మీరు బళ్లో బట్టీ పట్టారు. హైదరాబాదు బజార్ల కవిత మీ పిల్లలు బట్టీ పడుతున్నారు. భారత కోకిల అని వ్యాసం రాయమంటే రెండు పేజీలు రాస్తారు. ఈ కవిత ఎంతమందికి తెలుసు? పల్లకీ మోసేవాళ్ల పాట తియ్యగా ఉంటుంది. శవాలు లెక్కపెట్టే తల్లి పాట తియ్యగా ఉండదు. అందుకేనా?

ఈ కవిత మీద నాకు పేచీ కూడా ఉంది. ఆ తల్లి తన బిడ్డల్ని తానే ఇచ్చానంటుంది, తల ఎత్తి మాట్లాడుతుంది. అధికారుల కళ్లబడే నివేదికలో అచ్చయ్యే కవితకు ఆ ఠీవి అవసరమేనేమో. కానీ పంజాబు పల్లెలో పెళ్లాం ఎవరికీ ఏమీ ఇవ్వలేదు. ఆమెనెవరడిగారు? ఊళ్ల మీద పెత్తనం చేసే జైల్దారు వచ్చి, తహసీల్దారు వచ్చి, ఈ ఊరి నుంచి ఇంతమంది కావాలని లెక్క చెప్పి పట్టుకుపోయారు. 1917, 18 నాటికి పంజాబులో లెఫ్టినెంట్ గవర్నర్ ఓడ్వయర్ హయాంలో ఆ భర్తీ ఎంత దౌర్జన్యంగా సాగిందో 1920లో కాంగ్రెసు వేసిన విచారణ నివేదిక చెబుతుంది. తల్లి ఇచ్చానని చెప్పుకున్న కవిత ఒక్కటే చదివి ఊరుకుంటే సగమే చదివినట్టు. ఎత్తుకుపోయారని ఏడ్చిన పాట కూడా పక్కన పెట్టుకుని చదవాలి.

మనం రెండూ చదవలేదు.

మరవొద్దని సరోజిని అడిగింది కదా, దొరలు ఏం గుర్తుపెట్టుకున్నారు? మనం ఏం గుర్తుపెట్టుకున్నాం? ఊపిరి బిగపట్టి వినండి: నెలకు 11 రూపాయల జీతం, బూట్లు, యూనిఫారం ఎరచూపి పొలం దున్నే కుర్రాణ్ని ఓడెక్కించారు, ఎక్కడికి పోతున్నావో కూడా చెప్పకుండా మార్సేల్స్ రేవులో దించారు, పల్చటి నూలుబట్టలతో 1914 చలికాలపు బురద కందకాల్లోకి తోశారు, 1915 మార్చిలో న్యూవ్ షాపెల్ దగ్గర మూడు నాలుగు రోజుల్లో నాలుగు వేలమందికి పైగా మనవాళ్లను చంపించో గాయాలపాలు చేసో ఒక చిన్న పల్లెటూరు గెలిచామన్నారు, గాయపడినవాళ్లను బ్రైటన్ తీసుకెళ్లి ఊళ్లోకి రానివ్వకుండా కిచెనర్ ఆసుపత్రి చుట్టూ కంచె కట్టి కాపలా పెట్టారు, ఒళ్లు కాస్త కుదురుకోగానే ఇంటికి పంపకుండా మళ్లీ అదే కందకానికి తోలారు, అక్కడా చావనివాళ్లను ఆ ఏడాది చివర మెసపొటేమియాకు మళ్లించారు, అక్కడే కూత్ పట్టణంలో చిక్కుకున్న మరికొందరు మనవాళ్లను 147 రోజుల ముట్టడిలో గుర్రం మాంసం తిని బతకమన్నారు, 1916 ఏప్రిల్ 29న దొరలు లొంగిపోతే దాదాపు 13 వేలమంది ఖైదీలై, అందులో ఎక్కువమంది మనవాళ్లై, ఎడారిలో నడుస్తూ దాహంతో, రోగంతో రాలిపోతుంటే వాళ్ల ఇళ్లకు ఉన్నారన్న కబురూ లేదు, పోయారన్న కబురూ లేదు, ఆ ఇళ్లలో ఆడవాళ్లు గాజులు ఉంచుకోవాలో పగలగొట్టుకోవాలో తెలియక ఏళ్ల తరబడి చేతులకేసి చూసుకుంటూ కూర్చున్నారు, పోయాడని తేలినచోట పొలం చెయ్యి జారకూడదని 'కరేవా' ఆచారం పేరు చెప్పి విధవను మరిదికి కట్టబెట్టారు, దానికి సర్కారు కూడా వత్తాసు పలికింది, మూటలు మొయ్యడానికి, కందకాలు తవ్వడానికి కొండజాతులవాళ్లను కూలీ దళాలుగా ఫ్రాన్సుకు పట్టుకెళ్లారు, మా మనుషుల్ని పంపేది లేదని 1917లో మణిపూర్ కుకీలు ఎదురు తిరిగితే వాళ్ల ఊళ్లు తగలబెట్టారు, ఈ కరువు దేశం నుంచే యుద్ధ ఖర్చులకు 10 కోట్ల పౌన్లు కానుకగా గుంజుకున్నారు, గింజల ధర ఆకాశానికెక్కితే ఆ ఆడవాళ్లే పస్తులున్నారు, 1918లో బొంబాయి రేవులో దిగిన ఇన్‌ఫ్లుయెంజా జ్వరం కోటిమందికి పైగా జనాన్ని ఊడ్చుకుపోయింది, ఇంత చేసినందుకు 1919 మార్చిలో రౌలట్ చట్టం తెచ్చారు, ఏప్రిల్ 13న, అన్ని లక్షలమంది సిపాయిలనిచ్చిన ఆ పంజాబులోనే, జలియన్‌వాలాబాగ్‌లో నిరాయుధుల మీద 1,650 తూటాలు కాల్చారు.

అదీ బదులు. మరవొద్దని అడిగిన కవితకు సామ్రాజ్యం ఇచ్చిన బదులు.

సరోజిని ఊరుకోలేదు. ప్రభుత్వం ఇచ్చిన కైజర్-ఇ-హింద్ పతకం తిరిగిచ్చేసింది. 1920 జూన్ 3న లండన్‌లో, కింగ్స్‌వే హాల్లో, ఆ దొరల ఊళ్లోనే నిలబడి పంజాబు ఆడవాళ్లకు జరిగిన అవమానం గురించి కడిగేసింది. భారత మంత్రి మాంటేగు నిరూపించమని గద్దించాడు. ఆమె కాంగ్రెసు నివేదిక చూపించి మాట మీద నిలబడింది. కవిత రాసి ఇంట్లో కూర్చున్న మనిషి కాదు. అయిదేళ్ల కిందట బతిమాలిన గొంతే అప్పుడు నిలదీసింది. ఈ నడకను మీరు ఏ పాఠ్యపుస్తకంలో చదివారు?

దొరల సంగతి వదిలేద్దాం. వాళ్లకు పట్టకపోవడంలో వింత లేదు. బస్రాలో వాళ్లు కట్టిన స్మారకం చూస్తే చాలు. 1929లో కట్టారు. 40 వేలమందికి పైగా మృతులది. ఇంగ్లీషువాడు సామాన్య సోల్జరైనా పేరు చెక్కారు. మనవాళ్లలో ఆఫీసర్ల పేర్లు చెక్కారు. మామూలు సిపాయిలకు పేరు లేదు. రెజిమెంటు పేరు వేసి, దాని కింద ఇంతమంది అని అంకె వేశారు.

అంకె!

ఆ పాటలో పిల్ల నిజంగానే రాట్నం పట్టుకుని బస్రా వెళ్లి ఉంటే, ఆ గోడ ముందు నిలబడి ఉంటే, దేన్ని తడుముకునేది? ఏ అంకెలో మొగుణ్ని వెతుక్కునేది?

2021 ఏప్రిల్‌లో కామన్‌వెల్త్ యుద్ధ సమాధుల కమిషనే ఒప్పుకుంది. 45 వేల నుంచి 54 వేలమంది దాకా, అందులో మనవాళ్లూ ఎందరో, మృతులను తెల్లవాళ్లతో సమానంగా గౌరవించలేదని నివేదిక వేసి క్షమాపణ చెప్పింది. ఆ రోజు మన టీవీల్లో ఎంతసేపు నడిచింది ఆ వార్త? మీరు ఎవరికన్నా పంపారా? పొద్దున లేస్తే గులాబీ పువ్వుల గుడ్ మార్నింగులు వందమందికి పంపే చెయ్యి ఆ వార్త దగ్గర ఎందుకు ఆగిపోయింది?

లాహోర్ మ్యూజియంలో పంజాబు సిపాయిల వివరాల రిజిస్టర్లున్నాయి. 3 లక్షల 20 వేలమందివి. ఊరూ పేరూ తండ్రి పేరుతో సహా. 97 ఏళ్లు ఎవరూ తెరవకుండా పడి ఉన్నాయి. 2021 నవంబరులో అందులో కొన్ని జిల్లాలవి కంప్యూటర్లోకెక్కించి జనం ముందు పెట్టారు. బ్రిటన్‌లో స్థిరపడిన పంజాబీలు పూనుకుంటే అయింది. పూనుకోకపోతే ఇంకా దుమ్ములోనే ఉండేవి.

ఇవాళ పాకిస్తాన్‌లో ఉన్న చక్వాల్ జిల్లాలో దుల్మియాల్ అనే పల్లె ఉంది. ఆ ఒక్క ఊరి నుంచి 460 మంది ఆ యుద్ధానికి వెళ్లారు. వెళ్లినందుకు సర్కారు 1925లో బహుమతి ఇచ్చింది. ఏమిటో తెలుసా? ఒక పాత ఫిరంగి. ఊరి పెద్దలే కోరుకున్నారు. ఇప్పటికీ ఊరి నడుమ ఉంది, గర్వంగా చూపిస్తారు. మగవాళ్ల పరువుకు ఫిరంగి దొరికింది. 460 గుమ్మాల్లో కళ్లు కాయలు కాసేలా ఎదురుచూసిన ఆడవాళ్లకు ఏం దొరికింది? కోరుకోమని వాళ్లను ఎవరైనా అడిగితే ఏం కోరుకునేవాళ్లు?

మనకేం సంబంధం అంటారు మీరు. అనబోతున్నారని నాకు తెలుసు.

హైదరాబాదులో ఫస్ట్ లాన్సర్ మీద నుంచి రోజూ పోతారు కదా? ఆ పేరెక్కడిదనుకున్నారు? నిజాం గుర్రపు దళం పేరు అది. హైదరాబాదు లాన్సర్లు ఈజిప్టుకు వెళ్లారు, పాలస్తీనాకు వెళ్లారు. 1918 సెప్టెంబరు 23న హైఫా పట్టుకున్నది జోధ్‌పూర్, మైసూరు రౌతులు. వాళ్లున్న బ్రిగేడులోనే మనవాళ్లూ ఉన్నారు. ఢిల్లీలో తీన్ మూర్తి దగ్గర నిలబడ్డ మూడు విగ్రహాల్లో ఒకటి హైదరాబాదుది. ఆ చౌరస్తాకు 2018లో హైఫా పేరు కలిపినప్పుడు చప్పట్లు కొట్టాం. ఆ రౌతు ఇంట్లో ఆడమనిషి ఏమైపోయింది? ఉర్దూలో ఏడ్చిందా, తెలుగులో ఏడ్చిందా? ఎవరు రాసుకున్నారు?

తాడేపల్లిగూడెం దగ్గర మాధవరాన్ని జనం మిలిటరీ మాధవరం అంటారు. రెండు ప్రపంచ యుద్ధాలకూ మనుషుల్ని పంపిన ఊరు. తరతరాలుగా సైన్యంలోకి కొడుకుల్ని పంపుతున్న ఊరు. ఏటా ఆగస్టు 15కి, జనవరి 26కి పేపర్లవాళ్లు, టీవీలవాళ్లు వెళ్తారు. మీసాల తాతల ఫొటో వేస్తారు. పతకాలు చూపిస్తారు. ఎంతమంది వెళ్లారో అంకె చెబుతారు. మళ్లీ అంకె! వాకిట్లో కూర్చున్న ముసలమ్మ ముందు మైకు పెట్టి, 'అమ్మా, మీ అత్తగారు మొగుడి కోసం ఏం పాడుకునేది?' అని అడిగిన విలేకరి ఒక్కడున్నాడా? అడగాలని తోచిందా ఎవరికైనా?

ఆ మొదటి ప్రపంచ యుద్ధం మీద మన తెలుగు ఆడవాళ్లు పాడుకున్న పాట ఒక్కటి చెప్పండి చూద్దాం. ఒక్కటి.

నోరు పెగలడం లేదు కదూ?

ఊర్మిళాదేవి నిద్ర మీద పాట కట్టుకున్న జాతి మనది. మొగుడు అన్న వెంట అడవికి పోతే, పద్నాలుగేళ్లు ఇంట్లో ఉండిపోయిన పెళ్లాం మనసులో ఏముందో వాల్మీకి పట్టించుకోకపోయినా తెలుగు ఆడవాళ్లు పట్టించుకున్నారు. తరాల తరబడి పాడారు. అలాంటి ఆడవాళ్లు తమ సొంత మొగుళ్లు సముద్రాలు దాటి పోతే నోరు మూసుకుని కూర్చున్నారా? నేను నమ్మను. పాడే ఉంటారు. వినడానికి మనకు తీరిక లేకపోయింది. త్యాగరాజ కీర్తనకు స్వరం రాసుకున్నాం, సినిమా పాటకు పాటల పుస్తకం వేసుకున్నాం, తిరగలి దగ్గర గొంతు జీరపోయిన మనిషి పాటకు ఒక కాగితం ముక్క దొరకలేదు మనకు.

వందేళ్ల నాటి సంగతి ఇప్పుడెందుకు అంటారా?

2024లో ఏం జరిగింది? ఉద్యోగాలిప్పిస్తామని నమ్మించి మన దేశపు కుర్రాళ్లను రష్యా తీసుకెళ్లి, ఉక్రెయిన్ యుద్ధంలోకి నెట్టారని వార్తలు వచ్చాయి. ప్రాణాలు పోగొట్టుకున్నవాళ్లలో హైదరాబాదు కుర్రాడూ ఉన్నాడు. ఎవరి యుద్ధం? ఎవరి చావు? అప్పుడు 11 రూపాయలు, ఇప్పుడు విదేశీ జీతం. ఆ వార్త కింద జనం రాసిన మాటలు చదివారా? 'డబ్బుకు ఆశపడి పోయాడు, అనుభవించాడు' అని రాశారు. మన భాషలోనే రాశారు. ఆ ఇంట్లో ఆడవాళ్లు ఫోన్‌లో అవి చదివి ఉంటారని రాసినవాడికి తోచలేదు.

అది రాసినవాడు రాక్షసుడేం కాదు. మనలాంటివాడే. పిల్లల్ని ఇండియా గేట్ దగ్గర నిలబెట్టి ఫొటో తీసేవాడే. చావు వార్తలో అంకె మాత్రమే చూడటానికి అలవాటు పడ్డవాడు. వాడికి ఎవరూ ఆ పాటలు వినిపించలేదు. బస్రా పిల్ల పాట ఒక్కసారి బళ్లో విని ఉంటే ఆ మాట రాయడానికి వాడి వేలు ఆడేదా? ఆడేది కాదనే నా నమ్మకం. అందుకే ఇంత కోపం.

యుద్ధం వస్తుందంటే చాలు, మన టీవీల్లో పండగ వాతావరణం. మ్యాపులు, బాణం గుర్తులు, క్షిపణి ఎంత దూరం పోతుందో గ్రాఫిక్కులు, సైరన్ల మోత. చర్చలో కూర్చున్న నలుగురిలో సైనికుడి తల్లి ఉంటుందా? భార్య ఉంటుందా? శవపేటిక వచ్చిన రోజు మాత్రం ఆమె ముఖం కావాలి, దగ్గరగా, కన్నీటి చుక్క కనపడేంత దగ్గరగా కావాలి. 'మీకు గర్వంగా ఉందా అమ్మా?' అని అడుగుతారు. ఆమె ఏమని చెప్పాలి? గర్వంగా ఉందని చెప్పకపోతే ఊరుకుంటారా మీరు? నాకు నా కొడుకు కావాలి అంటే దేశద్రోహం అనరా?

వందేళ్ల కిందట పాడిన ఆడవాళ్లు మాత్రం ఆ మాట అనేశారు. గర్వం అనలేదు. ఇంటికి రమ్మన్నారు. చదువు లేదు, ఓటు లేదు, ఆస్తి లేదు, ముసుగు తీసి నలుగురి ముందు నిలబడే హక్కు లేదు. అయినా ఆ మాట అన్నారు. చదువుకున్న మనకు ఆ మాట వినే ధైర్యం కూడా లేదు.

యూనివర్సిటీల్లో జానపద శాఖలున్నాయి. తెలుగు శాఖలున్నాయి. ఏటా పీహెచ్‌డీలు వస్తున్నాయి. మాజీ సైనికుల ఊళ్లున్నాయి, ఎక్కడున్నాయో అందరికీ తెలుసు. యుద్ధానికి పోయినవాడి కూతురో, మనవరాలో, కోడలో ఇంకా కొందరు బతికే ఉన్నారు. చిన్నప్పుడు నాయనమ్మ ఒళ్లో విన్న చరణం ఏదో ఒకటి వాళ్ల నాలుక చివర ఇంకా ఉండే ఉంటుంది. రేపు ఉండదు. ఈ ఏడాది పోయినవాళ్లతో ఎన్ని చరణాలు పోయాయో ఇప్పటికే మనకు దొరకదు.

మీకు డిగ్రీ అక్కర్లేదు. గ్రాంటు అక్కర్లేదు. రికార్డు చేసే యంత్రం మీ జేబులోనే ఉంది, రోజుకు మూడు గంటలు దాంతోనే గడుపుతున్నారు. ఊళ్లో మీ మేనత్తకు తొంభై ఏళ్లు. పండక్కి వెళ్లి, కాళ్లకు దండం పెట్టి, అరిసెలు తిని వచ్చేస్తారు. మీ ముత్తాత రంగం పోయాడో, పట్టాళం పోయాడో, తిరిగొచ్చాడో లేదో, వచ్చేదాకా ఆ ఇంట్లో ఎవరు ఏం పాడుకున్నారో ఆమెను అడిగారా?

ఆమె మంచం పక్కన కూర్చోవడానికి మీకు ఎప్పుడు తీరుతుంది? సంక్రాంతికా? వచ్చే సంక్రాంతికా? అప్పటికి ఆమె ఉంటుందని మీకెవరు చెప్పారు?